ఇంకొంచెం చావమన్నాను, నిజమే

మా ఎదురింటి టర్కీ పెద్దాయన పోయిన శుక్రవారం కన్నుమూశారు. ఆయన ప్రాణం పోతుంటే నేను నవ్వానని అల్ దోహా అల్ జదీదాలోని మా బిల్డింగంతా చెప్పుకుంటోంది. నవ్వాను. ఎందుకో వినండి. నాకు అక్షరం రాదు, నేను చెబుతుంటే మనవరాలు రాస్తోంది.

ఆయనది వాళ్ళ దేశంలో సినిమాలు ఇంకా నలుపూ తెలుపుగా ఉన్న కాలం. కథలు తానే రాసి, వాటిలో దొంగ వేషం తానే కట్టేవారు. దొంగ చివరికి చావాలి కదా. కలం తన చేతిలోనే ఉంది కాబట్టి ఆ చావు నాలుగు పేజీలు రాసుకునేవారు. డైరెక్టరు మూడు కొట్టేసేవాడు. "హీరో బతికి ఏం చేశాడో ఎవరికీ గుర్తుండదు. నేనెలా చచ్చానో అడగండి, చెబుతారు" అనేవారు. ఆయన మాటను కూతురు ఇంగ్లీషులోకి, నా మనవరాలు తెలుగులోకి తెచ్చేవాళ్ళు. మా ఇద్దరికీ నేరుగా కలిసినవి చాయ్, దునియా, పరదా, తమామ్.

ఆ తమామ్ దగ్గరే వచ్చింది తంటా.

రోజూ చాయ్‌కి వచ్చి, డైరెక్టరు కొట్టేసిన ఆ మూడు పేజీలూ నా ముందు చచ్చి చూపించేవారు. గుండె పట్టుకుని, సోఫా చుట్టూ తిరిగి, కిటికీ పరదా పట్టుకుని జారి, చాప మీద పడేవారు. కాసేపటికి ఒక కన్ను తెరిచి "తమామ్?" అనేవారు. వాళ్ళ భాషలో అది 'సరేనా' అని. మా నిజామాబాద్ వైపు తమామ్ అంటే అయిపోవడం.

"యాడ తమామ్ సాబ్? చాయ్ ఇంకా మసుల్తనే లేదు. ఇంకొంచెం సావు" అనేదాన్ని.

నాకు నచ్చలేదనుకుని ఆయన లేచి మళ్ళీ మొదటి నుంచి చచ్చేవారు.

రెండు నెలలకు మనవరాలు అసలు సంగతి చెప్పింది. "నానమ్మా, ఆయన సరేనా అని అడుగుతుండు. సరే అనరాదు?"

"అన్ననంటే రేపు రాడే. నేననను."

కొడుకు దుఖాన్‌లో చమురు బావుల డ్యూటీకి పోతే వారం దాకా రాడు. నాకు పొద్దు గడిచింది ఆ పెద్దాయన చావులతోనే. మా తమామ్‌కు అర్థం ఆయనకూ ఎవరో చెప్పే ఉంటారు. అయినా అడగడం మానలేదు.

ఆ శుక్రవారం పొద్దున మా సోఫాలోనే గుండె పట్టుకున్నారు. పరదా దాకా పోలేదు, చాప మీద పడలేదు. తల వాల్చారంతే. "గింత అల్కగనా సాబ్? నాలుగు పేజీలు రాస్తివి గద, లే" అని నవ్వాను. ఒక కన్ను తెరుస్తారని చూస్తూ కూర్చున్నాను. చాయ్ మీద మీగడ కట్టింది. అప్పుడు మనవరాలిని కేకేశాను. ఆయన చివరగా విన్నది నా నవ్వే అయితే, అందులో తప్పేంటో ఎవరైనా వచ్చి నా ముఖం మీద చెప్పండి.

స్ట్రెచర్‌ను లిఫ్టులో పెట్టారు. పక్కన కూతురు. తలుపు మూసుకుంటూ, దేనికి తగిలిందో ఏమో, మళ్ళీ సగం తెరుచుకుని ఆగింది.

"తమామ్ సాబ్" అన్నాను.

మూసుకుంది.