తెర మీద పడని పేరు

కువైట్‌లో, సబ్హాన్‌లోని మా దుకాణాల బోర్డులు చేసే షెడ్డులో ప్లాస్టిక్ అక్షరాలు అతికించే జిగురు డబ్బా మూత తీయగానే ఘాటైన వాసన ముక్కుకు తగులుతుంది. తోటివాళ్లు ముఖం తిప్పుకుంటారు. నాకు మాత్రం హెన్నింగ్ గారు గుర్తుకొస్తారు. తెగిన ఫిల్మును ఆయన అలాంటి జిగురుతోనే అతికించేవారు. అది జరిగి నలభై ఏళ్లు దాటింది. అప్పటి ఆయన వయసుకు నేనిప్పుడు దగ్గరపడ్డాను.

ఆయనది డెన్మార్క్. జర్మన్ సైన్యం ఆ దేశాన్ని ఆక్రమించుకున్న రోజుల్లో అక్కడ సినిమాలు తీసిన నిర్మాత. సెట్లకు మేకులు కొట్టే వడ్రంగిగా మొదలై ముప్పై ఏళ్లకే నిర్మాత అయ్యారట. గట్టి కథ ఏది తీసినా సెన్సారు వాళ్లు కత్తిరించే కాలం కాబట్టి నవ్వించే సినిమాలే తీశారు. బొగ్గు దొరక్క మంచుగడ్డల్లా ఉన్న హాళ్లలో జనం కోట్లు విప్పకుండా కూర్చుని నవ్వేవారని చెప్పేవారు. యుద్ధం తర్వాత ఆ నవ్వులు ఎవరికీ అక్కర్లేకపోయాయి. కంపెనీ మూతపడింది. చివరికి చమురు కంపెనీ ఊరైన అహ్మదిలో చమురు పనుల మీద చిన్న చిత్రాలు తీసిపెట్టడానికి ఒప్పుకుని కువైట్ చేరారు. అంతటి మనిషి పైపుల బొమ్మలు తీయడమేమిటని నాకు జాలేసేది. ఆయనకు లేని బాధ నాకెందుకో!

నన్ను ఆయన దగ్గర చేర్చింది మా రాయచోటి ఖాదర్ భాయ్. అప్పటికి నేను కఫీల్, అంటే వీసా ఇచ్చి రప్పించిన యజమాని, దగ్గర నుంచి పారిపోయి ఉన్నాను. ఆ దేశంలో ఉండనిచ్చే కాగితం, ఇఖామా, లేదు.

"మస్తానా, బ్నీద్ అల్ గార్‌లో ఒక ముసలాయప్ప ఉండాడు. వంట జెయ్యాల, పెట్టెలు మొయ్యాల. కాగితాల మాట మాత్రం ఎత్తొద్దు," అన్నాడు.

వంటకని వెళ్లిన నన్ను నెల తిరక్కుండానే ఫిల్ము అతికించే బల్ల దగ్గర కూర్చోబెట్టారు. ఆయనకో పట్టింపు ఉండేది. చిత్రం చివర పనిచేసిన ప్రతి మనిషి పేరూ విడివిడిగా పడాలి, టీ పెట్టినవాడిదైనా సరే. నా పేరు అడిగితే పొంగిపోయి తండ్రి పేరు, ఊరి పేరుతో సహా రాసిచ్చాను. అది ఫిల్ములోకి ఎక్కాక గానీ నాకు బుద్ధి రాలేదు. ఆ చిత్రాన్ని అహ్మదిలో అందరికీ చూపిస్తారు. నా కఫీల్ అక్కడి కాంట్రాక్టరే. చూశాడంటే నాకు జైలు, ఆపైన ఊరికి విమానం.

వెళ్లి ఉన్నదున్నట్టు చెప్పేశాను. ఆయన తిట్టలేదు. నా పేరున్న ముక్కను కత్తిరించి చిన్న రేకు డబ్బాలో దాచారు.

"నాకిది రెండోసారి," అన్నారు. "యుద్ధంలో నా స్నేహితుడు, యూదు రచయిత, ఒక అటక మీద దాక్కుని నాకు కథ రాశాడు. తెర మీద ఇంకొకడి పేరు వేశాను. అతను స్వీడన్‌కు తప్పించుకున్నాడు. యుద్ధం అయ్యాక వచ్చి, ఇప్పుడు నా పేరు వేస్తావా అన్నాడు. కొత్త ప్రింటులో వేస్తానన్నాను. వచ్చే ఏడు, ఆ పై ఏడు అంటూనే ఉన్నాను. అతను పోయాడు. అప్పటికి జర్మన్లు లేరు మస్తాన్. ఆ పేరును ఆపింది నేనే."

ఆ వారం నుంచే ఆయన నా కఫీల్ దివానియాకు వెళ్లడం మొదలుపెట్టారు. మగవాళ్లంతా చేరి కబుర్లాడే ఆ గదిలో ఓ మూల కూర్చుని, టీ తాగి, నా సంగతి ఒక్కసారి అడిగి వచ్చేవారు. ఎండాకాలమంతా అదే పని. చివరికి కఫీలే విసిగిపోయి, "ఖలాస్, తీసుకుపో!" అని విడుదల కాగితం మీద సంతకం పెట్టాడు.

కొత్త ఇఖామా చేతికొచ్చిన రోజునే ఆయన అహ్మది నుంచి ప్రింటు తెప్పించారు. ఆ రేకు డబ్బా నా చేతికిచ్చి, "నువ్వే అతికించు," అన్నారు. బల్ల మీది చిన్న తెరలో నా పేరు వచ్చి వెళ్లింది. నేను ఏడ్చేశాను. ఆయన కళ్లద్దాలు తీసి తుడుచుకున్నారు.

ఎవరికైనా దక్కవలసినదాన్ని రేపటికి నెట్టాలంటే నాకిప్పటికీ భయం. ఆ భయం ఆయన పెట్టిందే. అయినా ఒకటి నెట్టాను. ఆ రచయిత పేరేమిటో అడగలేదు. బాధపడతారేమో, తీరిగ్గా అడుగుదాంలే అనుకున్నాను. మరుసటి ఏడు ఆయన జబ్బుపడి తమ దేశం వెళ్లి, అక్కడే కన్నుమూశారు. ఆ పేరు చెప్పగలిగిన మనిషి రెండేళ్లు నా ఎదురుగా కూర్చున్నారు. నేను అడగలేదు.