ప్రతి సినిమాలోనూ అదే కేక

ఏళ్ళ తరబడి ఒక కేకను మోస్తున్నాను. నాది కాదు. నాదైతే ఎప్పుడో అరిచి దించుకునేదాన్ని.

రఘు సినిమాలు చూసి ఉంటే మీరూ దాన్ని విన్నారు. మొదట వరసగా దయ్యాల సినిమాలు తీశాడు. తర్వాత కామెడీ, ఒక భక్తి సినిమా, పిల్లల సినిమా కూడా. ఏది తీసినా ఎక్కడో ఒకచోట అదే ఆడపిల్ల కేక ఉండాల్సిందే. తొలి సినిమాకు పేరు తెచ్చిందని వాడికి సెంటిమెంటు. కామెడీలో అత్తగారు కాలుజారి పడినప్పుడు పెట్టమన్నాడు. హాలంతా నవ్వారు. వాడి సినిమాలకు శబ్దాలు కూర్చేది నేనే. ప్రతిసారీ నా చేత్తోనే అతికించాను.

ఆ కేక స్వరూపది.

ఆ తొలి సినిమా, మేం యూనివర్సిటీలో చదివేటప్పుడు రఘు తీసిన చిన్న సినిమా. క్యాంపస్‌లో వదిలేసిన పాత హాస్టల్ గది. మిట్టమధ్యాహ్నం కిటికీలకు దుప్పట్లు కట్టి రాత్రి చేశాం. స్వరూప నా జూనియర్. సేద్యం చేసుకునే ఇంటి పిల్ల, నటనంటే ప్రాణం. దయ్యాన్ని చూసి అరవాలి. అరిచింది. రఘుకు నచ్చింది. శబ్దం రికార్డు చేస్తున్న నాకే నచ్చలేదు. అందరూ భోజనానికి వెళ్ళాక, లోపల మైకు మరిచిపోయాను తెమ్మని ఆమెను పంపి, బయట గడియ పెట్టాను. బయటి నుంచి లాగిన వైరు పీకి లైట్లు ఆపేశాను. బ్యాటరీలతో నడిచే రికార్డరు లోపల తిరుగుతూనే ఉంది.

ఎంతసేపు? కాసేపే అని చెప్పుకుంటూ వచ్చాను. కాసేపేనా? మొదట తలుపు కొట్టింది. నన్ను పేరు పెట్టి పిలిచింది. తర్వాత ఆ కేక. అయినా తియ్యలేదు. ఎందుకు? ఇంతకన్నా మంచిది వస్తుందేమోనని.

తీసేసరికి గోడకు అతుక్కుపోయి ఉంది.

"గడియ ఎవరు పెట్టిన్రక్కా?"

"ఎవరు పెడతారే? తలుపు బిగుసుకుంది. పాత చెక్క."

"కాదక్కా, గడియ చప్పుడు ఇన్న నేను."

"భయంలో అన్నీ వినిపిస్తాయి. ఇంత పిరికిదానివి దయ్యాల సినిమాకెందుకొచ్చావ్, భజన చేసుకోక?"

కాసేపు నా మొహంలోకి చూసింది. "నిజంగనే నాకు గట్ల అనిపించిందా అక్కా?"

"మరి?"

కూరగాయల బండి దగ్గర్నుంచి అపార్ట్‌మెంట్ మీటింగు దాకా, నాతో వాదించి గెలిచినవాళ్ళు ఈ తార్నాకలో లేరు. ఆ రోజూ నేనే గెలిచాను. ఆమె తన చెవుల్ని తానే నమ్మడం మానేసింది. ఆ తర్వాత కెమెరా ముందు నిలబడలేదు. రఘుకు ఈ సంగతి ఇప్పటికీ తెలియదు. నటన అంటే ఆ పిల్లది, అని ప్రతి సభలోనూ పొగుడుతాడు. నేను తల ఊపుతాను.

నిరుడు చెప్పేద్దామనే లాలాపేట్‌లో ఆమె ఇంటికి వెళ్ళాను. స్నానాలగది తలుపుకు లోపల గడియ లేదు. పీకించేసిందట. నేను అడగకుండానే, తనకు చీకటన్నా మూసిన తలుపులన్నా చిన్నప్పటినుంచీ భయమేనని నవ్వుతూ చెప్పింది. చిన్నప్పటినుంచా? చీకటి పొలం దగ్గర ఒంటరిగా మోటారు వేసి వచ్చేదాన్నని ఒకప్పుడు నాతో గొప్పలు పోయిన పిల్ల! నా అబద్ధానికి చోటు ఇవ్వడానికి తన బాల్యాన్ని కూడా మార్చేసుకుంది. ఇప్పుడు నిజం చెబితే ఏది తిరిగొస్తుంది? చెప్పకుండా ఉండడానికి ఇది కూడా ఒక వాదనేనా? టీ తాగి వచ్చేశాను.

నిన్న రఘు కొత్త సినిమాకు శబ్దాలు కూర్చడం ముగిసింది. కేక పెట్టాను. వద్దంటే కారణం అడుగుతాడు. నోరు లేనిదాన్నా? కారణం ఒక్కటే ఉంది, అదొక్కటే నోటికి రాదు.

క్షమించమని మిమ్మల్ని అడగను. ఆ హక్కు మీకెక్కడిది? స్వరూప పిరికిది కాదు. ఆమె విన్నది నిజం. ఈ మాటలు రాసేసరికి కాస్త ఊపిరాడుతోంది. ఆమెకు కాదు, నాకు.