నాగవ్వకు చేరిన క్యాసెట్

బాలన్న అలసట ఒళ్ళునొప్పుల వల్ల వచ్చింది కాదు. అవి పడుకుంటే పోతాయి. ఏడేళ్ళుగా అరబ్బు దేశంలో, రిఫా ఊళ్ళో రిదా మేడమ్ ఇంట తోటపని. సెలవు మీద పోతే ఆ పని ఇంకొకడికి పోతుందని భయం. ఏటా ఊళ్ళో ఉన్న పెళ్ళాం నాగవ్వకు "వచ్చే యేడు వస్త" అని చెప్పీ చెప్పీ, ఆ మాటంటేనే అతనికి విసుగు పుట్టింది.

రాయడం రాదు. ఫోనులో చేదు కబురు చెప్పడానికి నోరు రాదు. అందుకే నెలకోసారి క్యాసెట్‌లో మాట్లాడి, ఊరికి పోయేవాళ్ళ చేతికి ఇచ్చేవాడు. 2002లో ఇంకో రెండేళ్ళ పని ఒప్పందానికి వేలిముద్ర వేసిన సంగతి కూడా అలాగే క్యాసెట్‌కు చెప్పుకున్నాడు. మేడమ్ పాత క్యాసెట్లు ఇస్తూనే ఉంటుంది కదా అని బల్ల మీది నుంచి ఒకటి తీసుకున్నాడు. అడగనైనా అడగలేదు మహానుభావుడు.

మేడమ్ రచయిత్రి, జర్మనీలో చదువుకుంది. ఆ దేశపు చరిత్ర, సాహిత్యం మీద టీవీవాళ్ళు తీస్తున్న డాక్యుమెంటరీకి వ్యాఖ్యానం రాసి, తనే చదివి రికార్డు చేస్తోంది. బాలన్న తీసుకున్నది ఆ క్యాసెట్టే. అతని మాటలు పది నిమిషాల్లో అయిపోయాయి. వెనకాలే మేడమ్ గొంతు అరబ్బీలో మెత్తగా సాగింది.

క్యాసెట్ ఊరు చేరాక ఒక శుక్రవారం ఫోను చేస్తే నాగవ్వ మంచీచెడ్డా అడగలేదు.

"రెండేండ్లు రానంటివి. ఎనుకనే ఆడామె మాట్లాడవట్టె. ఎవలామె?"

"మా మేడమ్. టీవీకి చదివింది."

"టీవీకి చదివింది నాకెందుకు పంపినవ్? ఆమె ఏమంటుందో చెప్పు. అప్పుడు నమ్ముత."

కొండనాలుకకు మందేస్తే ఉన్న నాలుక ఊడినట్టయింది.

మర్నాడు భయపడుతూనే మేడమ్‌తో తప్పు ఒప్పుకున్నాడు. ఆమె తల పట్టుకుంది, తిట్టింది. కోపం తగ్గాక రాసుకున్న కాగితాలు తీసి వచ్చీరాని హిందీలో చెప్పింది. యుద్ధం ముగిశాక రష్యాలో బందీలైన జర్మన్ సైనికులు కొందరు పదేళ్ళకు గాని ఇల్లు చేరలేదట. అక్కడి రచయితలు అలాంటివాళ్ళ గురించి రాశారట. మనిషి తన ఇంటి తలుపు ముందే నిలబడతాడు, లోపలివాళ్ళు ఎవరు నువ్వని అడుగుతారు.

"వాళ్ళను పట్టి ఉంచిన్రు గదమ్మా?" అన్నాడు బాలన్న.

"అవును."

తనను ఎవరూ పట్టి ఉంచలేదు. వేలిముద్ర తనే వేశాడు. సిగ్గేసింది.

తర్వాతి శుక్రవారం అదంతా పొల్లుపోకుండా నాగవ్వకు చెప్పాడు.

"నమ్మిన. ఇసోంటి ముచ్చట అల్లి చెప్పుడు నీకు రాదు," అంది నాగవ్వ. "పోయినేడు మనింటి దర్వాజ మార్పించిన. నీలం రంగేసిన. వచ్చిననాడు ఎవలిల్లో అనుకొని ముంగటికి పోకు."

బాలన్నకు ఏడుపు ఆగలేదు. మట్టిచేతులు కడుక్కోకుండానే మేడమ్ దగ్గరికి పోయి, వేలిముద్ర వేసిన కాగితం వెనక్కి ఇమ్మన్నాడు. ఎందుకని అడిగింది ఆమె.

"మా ఇంటి దర్వాజ మారిందమ్మా," అన్నాడు. "నాకు తెల్వనే తెల్వదు."