చేతులు మాత్రమే తీశాం

కువైట్‌లో, హవల్లీలోని ఆ భవనానికి నేను మొదటిసారి వెళ్లింది నాలుగో అంతస్తులో పాడైన కెమెరాను బాగుచేయడానికి. మిర్కాబ్‌లో ఆఫీసున్న ఒక చిన్న కంపెనీలో సీసీ కెమెరాల టెక్నీషియన్‌ని నేను. కడపలో పాలిటెక్నిక్ చదివాను. ఏ పనికైనా ముందు జాబితా రాసుకోవడం అక్కడ అబ్బిన అలవాటే. ఆ రోజు మూడు పనులున్నాయి: కేబుల్ మార్చడం, కోణం సరిచేయడం, వాచ్‌మన్ సంతకం తీసుకోవడం. రెండోది ముగుస్తుండగా ఎదుటి తలుపు తెరుచుకుని ఒక తెల్ల ముసలాయన బయటికొచ్చాడు. "ఈ కెమెరాకి శబ్దం కూడా వినపడుతుందా?" అని ఇంగ్లీషులో అడిగాడు. వినపడదన్నాను. "అయితే అది చూసేది సగమే," అన్నాడు.

ఆయనది స్లొవేకియా. కూతురు ఇక్కడ ఆసుపత్రిలో ఫిజియోథెరపిస్టు. చలికాలం ఆమె దగ్గర గడపడానికి వచ్చాడు. నన్ను టీకి పిలిచి ఆ సాయంత్రమే తన జీవితమంతా చెప్పేశాడు. వరసగా గుర్తుపెట్టుకున్నాను. కొండల మధ్య ఒక గనుల ఊళ్లో పుట్టాడు. ఇరవై రెండో ఏట కథల పుస్తకం అచ్చయింది. ఆ తర్వాత సినిమా కాలేజీ. రెండో సినిమాను అప్పటి కమ్యూనిస్టు ప్రభుత్వం డబ్బాల్లో పెట్టి సీలు వేసింది, ఆయన్ను ఒక బాయిలర్ గదికి బొగ్గు వేయడానికి పంపింది. అక్కడే కూర్చుని, ఎవరూ అచ్చువేయని నవలలు రాశాడు. చివరికి జనం చలిలో కూడళ్లలో నిలబడి, తాళంచెవుల గుత్తులు మోగించి ఆ ప్రభుత్వాన్ని సాగనంపారు. అప్పుడు వేదికెక్కి మాట్లాడినవాళ్లలో ఈయన ఒకడు. రెండుసార్లు పార్లమెంటుకు గెలిచాడు. మూడోసారి ఓడాడు. ఓడిన సంగతి చెప్పేటప్పుడు మాత్రం చేతిలోని కప్పు కింద పెట్టాడు.

"ఇంకొక్క సినిమా తీస్తాను. ఇక్కడి వంటగదుల మీద," అన్నాడు. "నీ భాష మాట్లాడే ఆడవాళ్లు చాలామంది ఉన్నారట కదా?"

ఉన్నారు. శుక్రవారం సెలవు దొరికినవాళ్లు రిగ్గైలో ఒక అద్దె గదిలో కలుస్తారు. ఆ గదిలో వైఫై పెట్టింది నేనే. వాళ్లలో రాయచోటి వైపు ఆమె ఒకరు, నేను అక్కా అని పిలిచేవాణ్ని. పన్నెండేళ్లుగా ఒకే ఇంట్లో వంట చేస్తోంది. ఆమె కూతురు తిరుపతిలో నర్సింగు రెండో సంవత్సరం చదువుతోంది. ఇంకో రెండేళ్లు ఈ కొలువు నిలిస్తే కూతురు నర్సవుతుంది, తను ఇంటికి పోతుంది. అక్క లెక్క అదొక్కటే. ఏ మాట మొదలుపెట్టినా అక్కడికే వచ్చి ఆగేది.

నేను సంగతి చెప్పగానే గదంతా గోలయింది.

"ముసిలోడు సినిమా తీస్తాండాడంట. హీరోయినివి నువ్వేలే పో, వదినా!" అంది మంచం మీద కూర్చుని తల దువ్వుకుంటున్నామె.

"నేనయితే డాన్సు గూడా జేస్తా. మోకాళ్లు మాత్రం నొప్పులు," అంది అక్క. తర్వాత నా వైపు తిరిగి గొంతు తగ్గించింది. "తమ్ముడా, మొగం పడితే మా మామా నన్ను ఆ పొద్దే ఇమానం ఎక్కిస్తాది. ఇంగ బిడ్డ సదువు అంతే. నీకు తెలుసు గదా?"

మామా అంటే ఇంటి యజమానురాలు. తెలుసన్నాను. అందుకే ఏడు నియమాలు రాశాను. ముఖం తీయకూడదు. గొంతు మార్చాలి. పేరు, ఊరు రాకూడదు. బట్టలు ఆ ఇంట్లో వేసుకునేవి కాకూడదు. గాజులు, ఉంగరం తీసెయ్యాలి. కిటికీ కనపడకూడదు. ఏడోది: అక్క కువైట్ వదిలి శాశ్వతంగా వెళ్లిపోయేదాకా ఒక్క ముక్క కూడా బయటికి రాకూడదు. ముసలాయన కళ్లజోడు పెట్టుకుని అన్నీ చదివి, కింద సంతకం పెట్టాడు. పార్లమెంటులో చట్టాల మీద పెట్టిన సంతకం కూడా ఇదేనని చెప్పాడు.

ఆరు శుక్రవారాలు తీశాం. చేతులు మాత్రమే తీశాం. ఆయన కెమెరా పట్టుకునేవాడు, నేను మైకు పట్టుకుని ప్రశ్నలను తెలుగులోకి మార్చేవాణ్ని. అక్క ఆ ఇంట్లో వండేవే ఇక్కడా వండుతూ మాట్లాడేది. ఇంటికి చుట్టాలొస్తే తనను వంటింటి తలుపు వెనకాల నిలబెడతారని చెప్పింది. తనకన్నా ముందు పనిచేసి వెళ్లిన శ్రీలంక ఆమె పేరుతోనే పన్నెండేళ్లుగా తనను పిలుస్తున్నారని చెప్పింది. "కొత్త పేరు నేర్చుకునేదానికి మామాకు వోపిక ల్యా," అని నవ్వింది. ముసలాయన ఆ నవ్వు మళ్లీ కావాలన్నాడు. రెండోసారి కూడా నవ్వింది.

ద్రాక్షాకుల్లో అన్నం పెట్టి చుట్టే వంటకం ఒకటుంది. అక్క ఆకును అరచేతిలో రెండుసార్లు తిప్పి, టప్‌మని ఒక దెబ్బ కొట్టి, అప్పుడు అన్నం పెట్టి చుట్టేది. ఆకుమీది నీళ్లు రాలడానికి అలా చేస్తుందనుకున్నాను. ఆ దెబ్బ ముసలాయనకు తెగ నచ్చింది. వరసగా నలభై ఆకులు చుట్టించాడు.

చలికాలం అయిపోగానే ఆయన తన దేశానికి వెళ్లిపోయాడు. కొన్ని వారాలకు ఫోన్ చేశాడు. ఎన్నికలొస్తున్నాయి, పార్టీ అభ్యర్థుల జాబితా తయారుచేస్తోంది, తనను అందరూ మరిచిపోయారు. నెట్‌లో పెట్టడానికి రెండు నిమిషాల ముక్క కావాలి.

"ఏడో నియమం ఉంది కదా," అన్నాను.

"ఏడోది ఎందుకు రాశావు? మొదటి ఆరూ పనిచేయకపోతే ఉంటుందనే కదా? నువ్వు సాంకేతికుడివి, నువ్వే చెప్పు. ఆ ఆరూ పనిచేశాయా, లేదా?"

ఫుటేజీ అంతా మళ్లీ చూశాను. ముఖం లేదు. గొంతు మారింది. గాజుల్లేవు. కుడి బొటనవేలి మీద కాలిన మచ్చ ఒకటి కనిపిస్తే, రెండు రోజులు కూర్చుని ఫ్రేము ఫ్రేముకూ చెరిపేశాను. జాబితాలో ఆరింటికీ టిక్కు పెట్టాను. పనిచేశాయని చెప్పాను. అక్కను అడగలేదు. అడిగితే వద్దంటుందని తెలుసు. ముక్క తయారుచేశాక ఆయన ఒక్క మార్పే అడిగాడు: ఆకు మీది దెబ్బ ఇంకా గట్టిగా వినపడాలి. పెంచాను. నిజంగానే బాగా వచ్చింది.

ఆ రెండు నిమిషాలు ఎన్ని దేశాలు తిరిగాయో నాకు తెలియదు. ఎవరో కింద అరబ్బీ అక్షరాలు కూడా వేశారు. మూడు వారాల తర్వాత ఒక మధ్యాహ్నం, నేను నిచ్చెన మీద ఉండగా ఎయిర్‌పోర్టు నుంచి ఫోన్ వచ్చింది. సెలవు మీద ఊరికి పోతున్న ఎవరి ఫోనో అడిగి తీసుకుంది అక్క.

"తమ్ముడా, నేను పోతాండా."

"యాడికక్కా?"

"యాడికేంది, ఇంటికే. ఖలాస్. ఇఖామా కొట్టేపిచ్చింది మామా, ఇంగ ఈ దేశంలో ఉండేదానికి ల్యా." ఏడుపు లేదు. ఎవరి సంగతో చెబుతున్నట్టు చెప్పుకుపోయింది. "నిన్న అందురూ హాల్లో కూసోనుండారు. మామా, ఆమె చెల్లెలు, పిల్లోళ్లు. నన్ను పిల్చి ఫోన్ సూపిచ్చినారు. ఇది నువ్వేనా అనింది. నేను గాదు మామా అన్న్యా. సరే, గాకపోతే ఒకాకు సుట్టి సూపీ అనింది. గిన్నెలో ఆకులు, అన్నం ముందే తెచ్చిపెట్టుకోనుండారు."

నేను నిచ్చెన దిగాను.

"నాకు తెలుసు తమ్ముడా, కొట్టగూడదని. ఆకు చేతిలో పెట్టుకోని సూస్తాన్నా. కొట్టొద్దు, కొట్టొద్దు అనుకుంటానే ఉండా. పన్నెండేండ్ల నుంచి అట్నే సుడతాండాయి గదా యీ చేతులు. టప్ మన్యాయి. పిల్లోళ్లు చప్పట్లు కొట్టినారు."

"అక్కా, మొగం ఎక్కడా రాకుండా..."

"మొగమా? నా మొగం ఆయమ్మ ఎప్పుడు సూసింది రా? చేతులే గదా సూసేది! అదన్నా నీకు తెలియకపాయనే. ఇంత సదువుకుంటివి."

ఎవరో ఫోన్ తిరిగిమ్మన్నారు. "బిడ్డకు ఏం చెప్పాల్నో తెలీల్యా," అంది చివరగా. ఫోన్ పెట్టేసింది.

నా ఫోనులో ప్రతి సంభాషణా దానంతటదే రికార్డవుతుంది. కంపెనీలో ఫిర్యాదుల కోసం పెట్టుకున్న ఏర్పాటు అది. ఆ సాయంత్రం ముసలాయనకు ఫోన్ చేసి జరిగిందంతా చెప్పాను. తిట్టాలని చేశాను. ఆయన చివరిదాకా విన్నాడు. తర్వాత అడిగాడు:

"వాళ్లందరి ముందూ చుట్టించారా? పిల్లలు చప్పట్లు కొట్టారా? ఆ కాల్ నీ దగ్గర ఉందా?"

ఉందన్నాను.

"సినిమాకు ముగింపు లేదని బాధపడుతున్నాను," అన్నాడు.

పంపాను. ఎందుకు పంపానని చాలాసార్లు నన్ను నేను అడిగాను. కారణాలు రాసుకుంటే నాలుగొచ్చాయి. వాటిలో ఒకటి మాత్రమే నిజం: సినిమా బాగా రావాలని నాకూ ఉంది. గొంతు మార్చనా అని అడిగాను. ఆమె వెళ్లిపోయింది కాబట్టి ఇక అక్కర్లేదన్నాడు. నిజమే, ఏడో నియమం ప్రకారం ఇప్పుడు అన్నీ బయటికి రావచ్చు.

ఆ తర్వాత ఆయన కూతురింట్లో రూటరు పాడైతే వెళ్లాను. పని చూస్తూ ఆమె అంది: "ఆ సీలు వేసిన సినిమా గురించి నాన్న నీకు చెప్పే ఉంటాడు. అందులో ఒక గని కార్మికుణ్ని వెనక నుంచి తీశాడు. నడకను బట్టి పోలీసులు పట్టుకున్నారు. ఉద్యోగం తీసేశారు, ఆయన కొడుకును కాలేజీలోంచి పంపేశారు. ఆ భాగం నాన్న ఎవరికీ చెప్పడు. బాయిలర్ గది గురించే చెబుతాడు." తర్వాత రూటరులో పచ్చ దీపం వెలిగిందని చూపించి థాంక్యూ అంది.

ఆయన గెలిచాడు. పార్లమెంటులో మొదటి ప్రసంగంలో పరాయి దేశాల్లో పనిచేసే ఆడవాళ్ల చేతుల గురించి మాట్లాడాడట. వీడియో నాకు పంపాడు. భాష అర్థంకాలేదు. ఒకచోట అందరూ లేచి నిలబడ్డారు.

ఏడాదికి ఇక్కడి నంబరు నుంచే ఒక ఫోన్ వచ్చింది. చిన్న గొంతు.

"అన్నా, నేను రాయచోటి అక్క కూతుర్ని. అమ్మ నీ నంబరిచ్చింది."

"తిరుపతి నుంచా అమ్మా?"

"ల్యాన్నా. ఈడ్నే ఉండా. వచ్చి నెల దాటింది." చదువు ఆపేసిందట. అమ్మ ఇంకో ఇంటికి రావాలని చూస్తే, పాత మామా పంచిన ఆమె ఫోటో ఏజెంట్లందరి దగ్గరా ఉందట. ఎవరూ వీసా ఇవ్వలేదు. అందుకని తను వచ్చింది. వంటా, ఇద్దరు పసిపిల్లలూ తన పని.

ఏమైనా కావాలా అని అడిగాను.

"ఏం వద్దన్నా. నేనామె కూతుర్నని ఈడ ఎవురికీ చెప్పగాకు. మా మామా గూడా ఆ వీడియో సూసిండాది. మొన్న నాకు సూపిచ్చి, మీ దేశపామెనే, నీకు తెలుసా అనింది. తెలీదు మామా అన్న్యా." తర్వాత అడిగింది: "దాన్ని అందురి ఫోన్లలోంచి తీసెయ్యలేవా అన్నా? నువ్వే చేసినావంట గదా."

తీసేయలేనని చెప్పాను. ఎందుకు కుదరదో కూడా వరసగా వివరించబోయాను.

"సరేలేన్నా, మామా పిలుస్తాండాది," అని పెట్టేసింది.