చేటలో ఫోన్లు

ఈమధ్య ఫోనులో ఒక వీడియో చూశాను. అరకులో బొంగులో చికెన్ అయిపోయిందని ఒకాయన రోడ్డు పక్కన కూలబడి గుండెలు బాదుకుంటున్నాడు. వెనక వినిపిస్తున్న ఏడుపు మాత్రం మా అమ్మది.

ఆ ఏడుపుని లోకం మీదికి వదిలింది నేనే. పెదబయలు దగ్గర మా ఊళ్లో మేనమామ పోయినప్పుడు వానలకి ఘాట్ రోడ్డు తెగిపోయింది. విశాఖలో ఉన్న చెల్లి నిండు చూలాలు, రాలేకపోయింది. మా వైపు ఆడవాళ్లు చావు దగ్గర ఊరికే ఏడవరు. పోయినవాళ్ల మంచీ చెడ్డా, తమ కష్టం సుఖం అన్నీ రాగం తీసి చెప్పుకుంటూ ఏడుస్తారు. అమ్మ ఏడిస్తే పక్క ఊరివాళ్లు కూడా కళ్లు తుడుచుకుంటారు. చెల్లి కోసం రెండు నిమిషాలు రికార్డు చేసి పంపాను. అది స్టేటస్‌లో పెట్టుకుంది. అక్కణ్ణించి ఎవడో పుణ్యాత్ముడు ఎత్తుకుపోయి కింద డప్పు కలిపాడు.

ఇక చూడండి. మేక తప్పిపోయినా మా అమ్మే ఏడవాలి, క్రికెట్లో ఓడినా మా అమ్మే ఏడవాలి. వలిసెపూల చేలో సెల్ఫీ కర్ర విరిగినా మా అమ్మే. ఈ దేశంలో పాటలకి కరువొచ్చిందా? నవ్వుకోవడానికి ఇంకేమీ దొరకలేదా? నాకు ఒళ్లు మండిపోయింది. రిపోర్టు కొట్టాను, కామెంట్లలో తిట్టాను. నా తిట్లకీ నవ్వు బొమ్మలే పెట్టారు.

అమ్మకి బస్సులో తెలిసింది. ముందు సీట్లో ఇద్దరు కాలేజీ పిల్లలు ఆ వీడియో పెట్టుకుని పడీపడీ నవ్వుతుంటే నా మోచెయ్యి పట్టుకుంది.

"అది నా గొంతు కాదేటి? మా అన్న సచ్చిపోతే ఈళ్లెందుకు నవ్వుతన్నారు?"

చెల్లి కోసం నేను రికార్డు చేసిందే అన్నాను, వైరల్ అన్నాను, ట్రెండింగ్ అన్నాను. పిల్లలకి పాఠాలు చెప్పే టీచరమ్మని నేను. అమ్మకి మాత్రం రెండు ఇంగ్లీషు ముక్కలే చెప్పగలిగాను.

తర్వాత ఒక యూట్యూబ్ చానెలాయన మైకు పట్టుకుని ఇంటికే వచ్చాడు. ఒక్క నిమిషం అలాగే ఏడవమన్నాడు. రాగులు చెరుగుతున్న అమ్మ తలెత్తి, "ఎవులు సచ్చిపోనారు బాబూ?" అని అడిగింది. "ఎవరూ పోలేదమ్మా, కంటెంట్ కోసం" అన్నాడు. అమ్మ మళ్లీ చెరగడంలో పడింది.

మొన్న పెద్దమ్మ పోయింది. అమ్మకి సొంత అక్క, మా వైపు మాటలో 'అప్ప'. చిన్నప్పుడు ఇద్దరూ ఒకే కంచంలో తిన్నవాళ్లు. అమ్మ శవం పక్కన కూర్చుంది గానీ నోరు తెరవలేదు. తోడబుట్టినదానికి ఏడుపు రావడం లేదేమిటని ఒకావిడ గొణిగింది కూడా. ఎందుకో నాకు తెలుసు. వాకిట్లో నాలుగైదు ఫోన్లు అప్పటికే పైకి లేచి ఉన్నాయి.

లోపలికెళ్లి చేట తెచ్చి ఒక్కొక్కరి ముందూ పట్టాను.

"ఏటి సేత్తన్నావు?" అన్నారు.

"ఫోన్లు ఇందులో ఎయ్యండి. లేకపోతే మా అమ్మ ఏడవదు" అన్నాను.

సణుక్కుంటూనే వేశారు. చివర నాది కూడా వేసి, చేట తీసుకెళ్లి అమ్మ ఎదురుగా పెట్టాను. అమ్మ అందులోకి చూసింది. నా ఫోను ఉందో లేదో చూసుకుందనుకుంటాను. అప్పుడు అక్క చెయ్యి పట్టుకుని రాగం అందుకుంది.

"అన్న కోసం ఏడిత్తే ఊరు నవ్వింది అప్పా. నా కడుపున పుట్టిందే నవ్వించింది అప్పా. నీకోసం ఏడుద్దామంటే బయమేసింది అప్పా."

ఆ రోజు ఎవరూ రికార్డు చెయ్యలేదు. అయినా అందులో ఒక్క ముక్క కూడా మర్చిపోలేకపోతున్నాను.