కొమరవ్వ ఊ కొట్టిన కథ

మొన్న బడిలో మధ్యాహ్నం గంట కొట్టాక, కొత్తగా చేరిన టీచరు శ్రావణి స్టీలు డబ్బా మూత తీసింది. లోపల ఇప్పపువ్వు లడ్డూలు. స్టాఫ్ రూమంతా ఆ వాసన నిండిపోయింది. తీయటి వాసనే కాని అడుగున కాస్త పులుపు, కాస్త పొగ. అలవాటు లేనివాళ్లు ముక్కు మూసుకుంటారు. మా లెక్కల సారు మూసుకున్నాడు కూడా. నేను మాత్రం లడ్డూ చేతిలో పట్టుకుని, కొరకడం మరిచిపోయి కూర్చున్నాను. "మంచిగ లేదా మేడం?" అని అడిగింది ఆ పిల్ల. లడ్డూ తప్పేం లేదమ్మా. నాకు కొమరవ్వ గుర్తొచ్చింది, అంతే.

కొమరవ్వ సంగతి చెప్పాలంటే ముందు నా సంగతి కొంచెం చెప్పాలి. నేను కాశిబుగ్గలో మగ్గాల చప్పుడు మధ్య పుట్టి పెరిగినదాన్ని. మా ఇంట్లో అన్నం కావాలన్నా అరిచి అడగాల్సిందే. అందువల్ల నాకు గొంతు పెద్దది, ఓపిక చిన్నది. ఎదుటివాళ్లు సగం మాట చెప్పేసరికి మిగతా సగం నేనే చెప్పేసేదాన్ని. అదేదో గొప్ప తెలివి అనుకునేదాన్ని. అలాంటి నాకు మొదటి ఉద్యోగం ఒక గూడెంలో పడింది. బస్సు దిగాక రెండు గుట్టలు ఎక్కి దిగితే, మూడో గుట్ట మీద పాతిక ఇళ్లు, ఒక గది బడి, ఆ బడికి నేనొక్కదాన్నే టీచర్ని. రోజూ వచ్చిపోవడం కుదరక రాజవ్వ ఇంట్లో ఒక పక్క అర్ర తీసుకుని ఉన్నాను.

రాజవ్వ ఆ ఇంటి పెద్దకోడలు. భర్త పోయి చాలా ఏళ్లయింది. ఇద్దరు కొడుకులు, పెద్దకొడుకు భార్య స్వరూప. కొమరవ్వ రాజవ్వకు ఆడబిడ్డ, అంటే భర్త చెల్లెలు. పెళ్లయిన మూడు నెలలకే మొగుడు చనిపోతే పుట్టింటికి తిరిగొచ్చింది. అప్పటి నుంచి అక్కడే ఉంది. నేను వెళ్లిన మొదటిరోజు ఇద్దరూ వాకిట్లో చేయి చాస్తే అందేంత దూరంలో కూర్చుని ఉన్నారు. రాజవ్వ నావైపు తిరిగి, "టీచరమ్మా, నీళ్లు కాగినయని ఆమెకు చెప్పు" అంది.

"వినే ఉంటది కదా అవ్వా, పక్కనే ఉన్నది."

"ఇన్నది. అయినా నువ్వు చెప్పు."

చెప్పాను. కొమరవ్వ బోసినోటితో నవ్వి, "ఇన్ననని ఆమెకు చెప్పు బిడ్డా" అంది. తర్వాత తెలిసింది, ఆ ఇద్దరి మధ్యా మాటల్లేక అప్పటికే పన్నెండేళ్లని. మనుషులెవరూ లేకపోతే మేకకు చెప్పుకునేవాళ్లు. "ఓ మేకా, ఇయ్యాల కూరల ఉప్పు ఎక్కువైంది చూసినవా" అని ఒకరంటే, "నోరు చప్పబడ్డోళ్లకు గట్లనే ఉంటదని చెప్పవే మేకా" అని ఇంకొకరు. పాపం ఆ మేక ఇద్దరి మొహాలూ చూసేది. నాకు నవ్వు ఆగేది కాదు.

నవ్వు ఆగింది మాత్రం ఇప్పపువ్వు రాలే కాలంలో. తెల్లారకముందే ఆడవాళ్లు చెట్ల కిందికి పోయి పువ్వు ఏరుకొచ్చేవాళ్లు. దాన్ని వాకిట్లో పరిచి ఎండబెట్టి, పుల్లా పుడకా తీసేస్తూ కూర్చోవడం మధ్యాహ్నాల పని. ఆ పనిలో రాజవ్వ కథ ఎత్తుకునేది. అది ఆ ఇంటి కథ. చేటలో జొన్న విత్తనం, చంకలో కోడిపెట్ట పెట్టుకుని మొట్టమొదట ఆ గుట్ట ఎక్కిన ఆడమనిషి నుంచి మొదలై, ఆ ఇంటికి వచ్చిన ప్రతి కోడలి పేరూ, ఆమె పుట్టిన ఊరూ, ఆమె చేసిన ఒక పనీ వరుసగా వస్తాయి. ఇప్పచెట్టు కిందికి వచ్చిన ఎలుగుబంటిని రోకలితో తరిమినామె ఒకరు. నీళ్లు ఎండిపోయిన ఏడాది, రాళ్ల నడుమ ఊటనీళ్ల కోసం చెలిమె తోడి గూడేన్ని బతికించినామె ఇంకొకరు. రాజవ్వ అలా ఒక్కో పేరూ చెప్పి ఆగేది. ఆగిన చోట కొమరవ్వ "ఊ" అనేది.

వెనక్కి తిరిగి కూర్చునేది కొమరవ్వ. వదినె మొహం చూడదు. చూపంతా పువ్వు మీదే. అయినా ఎక్కడ ఊ అనాలో అక్కడ సరిగ్గా పడేది. ఎలుగుబంటి దగ్గర పొట్టి ఊ, గట్టిగా. చెలిమె దగ్గర "ఊ...." అని సాగదీసి, నీళ్లు పడేదాకా. బిడ్డను పోగొట్టుకున్న కోడలి దగ్గర దాదాపు వినపడనంత మెల్లగా. పన్నెండేళ్లుగా ఆ వదినెతో ఆమె మాట్లాడింది ఆ ఒక్క అక్షరమే. ఎందుకు మాట్లాడరని ఒకరోజు స్వరూపను అడిగాను.

"నా పెండ్లినాడు లొల్లయింది మేడం" అంది స్వరూప. "కొత్తకోడలు వచ్చిననాడు మా ఇంట్ల గడప కాడ చాప ఏసి కూసోబెట్టి కత చెప్తరు. ఆఖరుకు కొత్తామె పేరు కలుపుతరు. నా పేరు కలిపినంక కొమరవ్వ అడిగింది, ఇండ్ల నా పేరేది వదినె అని. అత్తమ్మ ఏమన్నదంటే, ఇది వచ్చినోళ్ల కత, పోయినోళ్లది గాదు అన్నది. గంతే. ఆనాటి సంది మాటల్లెవ్."

"మరి ఊ ఎందుకు కొడుతున్నది?"

"ఇంకెవలికి రాదు గద మేడం. ఊ లేకుంటే అత్తమ్మకు కత నడవదు."

నిజం చెబుతున్నాను, ఆరోజు నాకు అన్నం సహించలేదు. పుట్టింది ఆ ఇంట్లో. బతికింది ఆ ఇంట్లో. రాజవ్వ ఇద్దరు కొడుకులనూ వీపున మోసి పెంచింది. వచ్చిన ప్రతి ఆడదాని పేరుకూ ఊ అంది. తన పేరు మాత్రం ఆ వరుసలో లేదు. ఉండదని తెలిసీ ఊ అంటూనే ఉంది. నేనైతే ఆ చేట విసిరికొట్టి ఎప్పుడో వెళ్లిపోయేదాన్ని.

కొమరవ్వ నాకు మధ్యాహ్నం సద్ది తెచ్చి బడి గడప దగ్గర కూర్చునేది. నేను పాఠం చెప్పడం చూసేది. ఒకరోజు నేను ఒక పిల్లను లేపి, వాన ఎట్లా పడుతుందే అని అడిగాను. ఆ పిల్ల "మొగులు..." అనేలోపే "ఆఁ, మబ్బులు చల్లబడి" అంటూ నేనే అందుకుని చెప్పేశాను. పిల్లలు వెళ్లిపోయాక కొమరవ్వ గిన్నె కడుగుతూ అంది:

"టీచరమ్మా, ఒక మాటంటే ఏమనుకోవు గద?"

"చెప్పు కొమరవ్వా."

"నువ్వు అడుగుతవ్. వాళ్లు నోరు తెరుస్తరు. నువ్వే చెప్తవ్. మల్ల ఎందుకడుగుడు?"

మొహం మీద నీళ్లు కొట్టినట్టయింది. టీచరు ట్రైనింగులో నాకు ఎవరూ చెప్పని మాట అది. ఏదో సమాధానం చెప్పబోయాను. ఆమె "ఊ" అని, నేను చెప్పేదాని కోసం ఆగింది. తప్పు నాదేనని ఒప్పుకున్నాను.

ఒప్పుకున్నంత మాత్రాన బుద్ధి వచ్చిందా? రాలేదు. ఆ ఎండాకాలమే రాజవ్వ చిన్నకొడుకు పెళ్లి కుదిరింది. ఈలోపు కథను ఫోనులో రికార్డు చేసి పెడదామని నాకు ఉత్సాహం పుట్టింది. ఆ పెద్దావిడ తర్వాత ఈ పేర్లన్నీ ఎవరికి తెలుస్తాయి? ఆలోచన మంచిదే. చేసిన పనే తెలివితక్కువది. మధ్యలో ఊ వినిపిస్తే కథ శుభ్రంగా రాదని, "కొమరవ్వా, జర సేపు సప్పుడు చెయ్యకు" అన్నాను. ఆమె ఒక్క మాట అనకుండా చేట తీసుకుని దొడ్లోకి వెళ్లిపోయింది.

రాజవ్వ మొదలుపెట్టింది. మొదటి కోడలు గుట్ట ఎక్కింది. ఆగింది. నేను ఫోను చూస్తూ, చెప్పమని చేయి ఊపాను. రెండో కోడలి పేరు చెప్పి మళ్లీ ఆగింది. చెలిమె తోడినామెను ఎలుగుబంటి కంటే ముందు చెప్పింది. నాలుగో పేరు దగ్గర నిలిచిపోయింది. ఎప్పుడూ తడబడని మనిషి నోరు తెరుచుకుని, చేతులు ఒళ్లో పెట్టుకుని అలా ఉండిపోయింది.

"యాదికొస్తలేదు బిడ్డా" అంది చివరికి. "ఎన్నడు గిట్ల కాలే. పెండ్లి ముంగటున్నది, కత పోయిందేమో."

నాకు భయమేసింది. దొడ్లోకి పరుగెత్తాను. "కొమరవ్వా, తప్పయింది, రా" అన్నాను. ఆమె నన్ను తిట్టలేదు, అలగలేదు. లేచి వచ్చి తన చోటులో, వెనక్కి తిరిగి కూర్చుంది. పువ్వు ఏరుతూ "ఊ" అంది, ఏ కథా మొదలుకాకముందే. రాజవ్వ ఊపిరి పీల్చుకుని మొదటి నుంచి ఎత్తుకుంది. ఒక్క పేరూ జారలేదు. ఫోనులో అంతా పడింది.

మర్నాడు కొమరవ్వ కట్టెలకు వెళ్లినప్పుడు రాజవ్వకు ఆ రికార్డు వినిపించాను. తన గొంతు విని మొదట సిగ్గుపడింది. తర్వాత తల పక్కకు వంచి వినసాగింది. ఆమె వింటున్నది తన మాటల్ని కాదని కాసేపటికి తెలిసింది. ఇన్నేళ్లూ చెప్పే ధ్యాసలో పడి, ఆ ఊలను ఆమె ఎన్నడూ మనసుపెట్టి వినలేదు. కథ స్వరూప అత్తగారి దాకా, అంటే రాజవ్వ దాకా వచ్చింది. వాగు పొంగినరోజు లేగదూడను భుజాన వేసుకుని అవతలి ఒడ్డు నుంచి వచ్చిన కోడలు రాజవ్వ. అక్కడ కొమరవ్వ అన్న ఊ మిగతా వాటిలా లేదు. పొడుగ్గా సాగి, ఇంకేదో వస్తుందని ఎదురుచూసి, చివరికి తెగిపోయింది. ఆ తర్వాత స్వరూప పేరు వచ్చింది.

"మల్ల పెట్టు" అంది రాజవ్వ.

పెట్టాను. మూడుసార్లు పెట్టించుకుంది. నా నోరు దురద పెట్టింది. ఆమె పేరు కూడా కలపవచ్చు కదా అవ్వా అని నాలుక చివరిదాకా వచ్చింది. జీవితంలో మొదటిసారి నోరు మూసుకుని "ఊ" అన్నాను. రాజవ్వ నన్ను ఒకసారి చూసి, లేచి వంటింట్లోకి పోయింది.

పెళ్లయిన మరుసటి పొద్దున కొత్తకోడలు రజితను గడప దగ్గర చాప మీద కూర్చోబెట్టారు. గూడెమంతా వాకిట్లో ఉంది. కొమరవ్వ ఎప్పటిలాగే వెనక్కి తిరిగి, ఒళ్లో పువ్వు చేటతో తలుపు పక్కన కూర్చుంది. రాజవ్వ కథ ఎత్తుకుంది. గుట్ట ఎక్కిన ఆమె, ఎలుగుబంటి, చెలిమె. ఒక్కో పేరుకూ ఊ పడుతూ వచ్చింది. వాగు దాటిన రాజవ్వ వచ్చింది. పొడుగాటి ఊ వచ్చింది. ఇక స్వరూప పేరు రావాలి.

"దాని ఎంబడి," అంది రాజవ్వ, "కొమరవ్వ. ఏ ఊరి నుంచి రాలే, ఈడనే పుట్టింది. పోయింది, మల్లొచ్చింది. నేను కన్న పిల్లగాండ్లను వీపున మోసింది. నేను చెప్పిన కత కిందపడకుంట పట్టుకున్నది."

ఆగింది. ఊ రాలేదు.

కోళ్లు తిరుగుతున్న చప్పుడు వినిపిస్తోంది. కొమరవ్వ వీపు మాత్రమే కనిపిస్తోంది నాకు. చేటలో చేయి ఆగిపోయింది. ఊ పడనిదే కథ కదలదు. కొత్తకోడలు పాపం ఏం తప్పు జరిగిందో అర్థంకాక అందరి మొహాలూ చూస్తోంది. రాజవ్వ ఎదురుచూసింది. ఇంకా ఎదురుచూసింది. అప్పుడు మనుషులను కాదు, మేకను కాదు, తిన్నగా తన ఆడబిడ్డ వైపు తిరిగింది.

"ఊ అనవేందే కొమరీ? నీకు ఇనబడుతలేదా?"

పన్నెండేళ్ల తర్వాత మొదటి మాట. కొమరవ్వ అప్పుడు ఇటు తిరిగింది. కొంగు నోటికి అడ్డం పెట్టుకుని ఉంది. రెండుసార్లు ప్రయత్నించాక వచ్చింది ఆ ఊ. "ఇనబడ్డది వదినె" అని కూడా అంది. రాజవ్వ ముక్కు చీది, స్వరూప పేరు చెప్పింది, రజిత పేరు కలిపింది. నేను ఏడ్చాను, ఎందుకు దాచడం. ఫోను తీయాలన్న సంగతే నాకు తట్టలేదు. అందుకే కొమరవ్వ పేరున్న కథ నా దగ్గర రికార్డు లేదు. ఆ గూడెంలో ఉంది.

తర్వాత నాకు బదిలీ అయింది. రెండేళ్లకు కొమరవ్వ పోయిందని స్వరూప ఫోను చేసింది. మరి కథ ఎట్లా అని అడిగాను. "నేను కొడుతున్న మేడం ఊ" అంది. "అత్తమ్మ తిడ్తది, నీకు చెలిమె కాడ ఊ అనుడు రాదని. నేర్చుకుంటున్న." ఇప్పుడు నేను బడిలో ఒక పిల్లను లేపి ప్రశ్న అడిగాక చేతులు కట్టుకుంటాను. ఎంతసేపైనా సరే. పక్క పిల్లలు గుసగుసలాడినా, గంట కొట్టినా సరే. ఇన్నేళ్ల ఉద్యోగంలో నాకు నిజంగా వచ్చిన విద్య అదొక్కటే. అది కూడా పూర్తిగా రాలేదని మా ఇంట్లోవాళ్లను అడిగితే చెబుతారు.

లడ్డూ ఇంకా నా చేతిలోనే ఉంది. శ్రావణి డబ్బా మూత పెడుతూ, "మా అమ్మ చేసింది మేడం, ఇగ ఆఖరుసారేమో" అని ఆగిపోయింది. ఏమైంది, ఒంట్లో బాగలేదా, ఏ దవాఖానలో చూపించారు అని నాలుగు ప్రశ్నలు ఒక్కసారిగా నోటిదాకా వచ్చాయి. మింగేశాను. కుర్చీ ఆమె దగ్గరకు జరుపుకుని "ఊ" అన్నాను.