తమ్ముడి టీవీ కుస్తీలు

మొన్న పాడేరు నుంచి జి.మాడుగుల వచ్చే బస్సులో నా పక్క సీట్లో కూర్చున్న యువకుడు ఫోను అడ్డంగా పట్టుకుని కుస్తీల ఆట ఆడుతున్నాడు. వస్తాదుల ఒంటి మీది చెమట కూడా మెరిసేంత స్పష్టంగా ఉంది ఆ బొమ్మ. ఓడిపోయాడు కాబోలు, విసుగ్గా మూసేసి ఇంకేదో తెరిచాడు. నేను కిటికీ వైపు తిరిగిపోయాను. తెల్లచీర కట్టుకుని, ఒళ్లో పరిశుద్ధ గ్రంథం పెట్టుకున్న ఈ ముసలమ్మకు ఆ ఆటలో పట్లన్నీ తెలుసని చెబితే అతను నమ్మేవాడు కాదు.

మన ఈడు వాళ్లకు గుర్తుండే ఉంటుంది, ఊళ్లలోకి రంగుల టీవీలు వచ్చిన కొన్నాళ్లకు వాటికి తగిలించి ఆడే గేమ్ పెట్టెలు కూడా వచ్చాయి. చోడవరం వైపు నుంచి వచ్చి మా దగ్గర కిరాణా పెట్టుకున్న షావుకారు బాబాయి, ఆ కొట్టు వెనక గదిలో ఒక టీవీ, రెండు రిమోట్లు, ఒక బల్ల వేసి ఆ ఆట ఆడించేవాడు. సంతకు పిప్పళ్లు, కాఫీ గింజలు మోసుకొచ్చిన కుర్రాళ్లంతా అక్కడే ఉండేవారు. వాళ్ల వెనకాలే నేనూ, నా చెయ్యి పట్టుకుని మా తమ్ముడూ.

మా తమ్ముడికి రక్తంలో జబ్బు. సికిల్ సెల్ అని పెద్దాసుపత్రి డాక్టర్లు పేరు చెప్పారు గాని, మాకు తెలిసిందల్లా చలికాలం వస్తే వాడి కీళ్లు పట్టేస్తాయని, రాత్రీ పగలూ ఏడిపిస్తాయని. వాడి ఈడు పిల్లలు కొండెక్కి కల్లు కోసం జీలుగు చెట్లు గీస్తుంటే వాడు గుమ్మంలో కూర్చుని, ఆరబోసిన చోళ్ల మీదికి, అంటే రాగుల మీదికి వచ్చే కోళ్లను తోలేవాడు. పరుగు తెలియని ఆ గుంటడికి పద్దెనిమిదో ఏట ఆ వెనక గదిలో పరుగెత్తే ఒళ్లు ఒకటి దొరికింది.

మొదట వచ్చిన కుస్తీల ఆటలో వస్తాదులు బొటనవేలంత ఉండేవారు, ఎవరు ఎవరిని కొడుతున్నారో తెలిసేది కాదు. తర్వాత డిస్కు వేసి ఆడేది వచ్చింది. దాన్ని మించింది మళ్లీ రాలేదని నేనిప్పటికీ అంటాను. అందులో మన వస్తాదును మనమే తయారు చేసుకోవచ్చు. మిగతావాళ్లు తాటిచెట్టంత తెల్ల దొరలను ఎంచుకుంటే, మా తమ్ముడు మాత్రం ఓపిగ్గా కూర్చుని పొట్టిగా, నల్లగా, కొండెక్కి గట్టిపడ్డ పిక్కలతో ఒకణ్ణి చేశాడు.

"ఏటిరా, ఈ నల్లోడెవుడు?" అని కుర్రాళ్లు ఎగతాళి చేస్తే, "మా ఊరోడే. నీకు తెల్దా? ఇప్పుడు తెలుస్తాది, కూకో!" అనేవాడు.

ఆ నల్లవాడు తాళ్ల మీదికెక్కి దూకుతుంటే తమ్ముడి ముఖం చూడాలి. రింగు కిందనుంచి కుర్చీ తీసి వెనకనుంచి కొట్టే వీలుంది, అందరూ కొట్టేవారు. వాడు మాత్రం ఆ కుర్చీ ముట్టుకునేవాడు కాదు. వేళ్లు వాచిన రోజున మీటలు నేను నొక్కేదాన్ని, వాడు పక్కన కూర్చుని "అక్కా, బేగి! పట్టీ! పట్టీ!" అని అరిచేవాడు.

మాది ప్రభువును నమ్ముకున్న ఇల్లు. నాన్న సంఘంలో వాక్యం చదివేవారు, పెదనాన్న సంఘ పెద్ద. నేను ఆదివారం బడిలో పిల్లలకు పాటలు నేర్పేదాన్ని. వర్షాలకు ముందు, ఊరి పక్క వాగు, మా గెడ్డ, తేటగా ఉన్నప్పుడు, ఏడాదికొకసారి అందులో ముంచి మా సంఘంలో బాప్తిస్మాలు ఇచ్చేవారు. అంతకు ముందు ఆదివారం బాప్తిస్మం తీసుకునేవాళ్లంతా వరసగా నిలబడితే పెదనాన్న రెండు ప్రశ్నలు అడిగేవారు: ప్రభువును విశ్వసిస్తున్నావా, లోకంలో ఏది వదిలిపెట్టావు అని. ఆ ఏడు మా తమ్ముడు కూడా నిలబడ్డాడు. బాప్తిస్మం అయినవాళ్లకే ప్రభువు బల్ల దగ్గర రొట్టె ఇస్తారు; జబ్బు ముదిరేలోగా అందరితో కలిసి ఆ రొట్టె తీసుకోవాలని వాడికి ఒకటే ఆశ. వేరే ఏమీ అడిగేవాడు కాదు.

వాడికి ముందు నిలబడ్డవాళ్లలో ఒకడు కల్లు వదిలేశానన్నాడు, ఒకామె చుట్ట వదిలేశానంది. ఆ కల్లు వదిలినవాడు సాయంత్రానికి ఏ చెట్టు కింద ఉంటాడో మాకందరికీ తెలుసు, పెదనాన్నకూ తెలుసు. అయినా అందరం ఆమేన్ అన్నాం. తమ్ముడి వంతు వచ్చింది.

"ఆ టీవీ కుస్తీలు ఒగ్గీసేవా?" అన్నారు పెదనాన్న.

"లేదు పెదనాన్నా. ఒగ్గీలేను."

వెనక ఎవరో కిసుక్కున నవ్వారు. మా పిన్ని ముందుకు వంగి, "ఒగ్గీసేనని సెప్పీరా నాయినా, సరిపోద్ది" అని గుసగుసలాడింది.

"అబద్ధం సెప్పి నీళ్లల్లోకి ఎలా దిగమంటావు పిన్నీ?" అన్నాడు వాడు, గుసగుసగా కాదు, అందరికీ వినపడేలా. ఆ తర్వాత పెదనాన్న వైపు తిరిగి, "గ్రంథంలో, దేవుడితో రాత్రంతా పెనుగులాడినోణ్ణి దేవుడు దీవించేడు కదా, కుస్తీ అంత పాపమా?" అని అడిగాడు.

పెదనాన్న కఠినుడు కాడు. కాని ఇంతమంది ముందు తన తమ్ముడి కొడుక్కొక న్యాయం, ఊరికొక న్యాయమా అనుకుని, చివరకు "వచ్చే ఏడు సూద్దాం" అన్నారు. నాన్న తల ఎత్తలేదు.

తమ్ముడు ఆట మానడానికి నిజంగానే ప్రయత్నించాడు. కొట్టు వైపు వెళ్లకుండా నులక మంచం మీద పడుకుని దూలాలు చూస్తుండేవాడు. అన్నం సయించేది కాదు. ఒక సంత రోజు నాన్న ఏమనుకున్నారో, వాణ్ణి వీపు మీద ఎక్కించుకుని తిన్నగా షావుకారు బాబాయి వెనక గదికి తీసుకెళ్లారు. వాక్యం చదివే మనిషి ఆ గదిలోకి వచ్చేసరికి కుర్రాళ్లంతా లేచి నిలబడ్డారు. తమ్ముడు రెండో రిమోటు ఆయన చేతికిచ్చాడు. నాన్న వస్తాదు ఎవరినీ కొట్టకుండా తాళ్ల వైపు నడిచి నడిచి, అక్కడే తిరుగుతూ ఉన్నాడు. "నానా, ఇటు తిరుగు, నన్ను కొట్టు!" అని వాడు అరుస్తుంటే, నాన్న పళ్లన్నీ కనపడేలా నవ్వారు. అలా నవ్వడం నేను అదే మొదటిసారి చూశాను. ఆ తర్వాత మళ్లీ చూడలేదు.

వర్షాలు పట్టాక తమ్ముడికి జ్వరం వచ్చింది, ఊపిరి ఆడలేదు. పాడేరు తీసుకెళితే విశాఖపట్నం పంపారు. ఘాట్ దిగుతుండగానే, నా ఒళ్లోనే పోయాడు. బాప్తిస్మం లేకుండా పోయిన వాడి సంగతేమిటని సమాధి దగ్గర ఎవరో అడిగితే, ప్రభువు పక్కన సిలువ మీద రక్షణ పొందిన దొంగకు ఏ గెడ్డ దొరికిందని నాన్న అన్నారు. ఆ మాట మీదే నేను ఇన్నేళ్లూ బతుకుతున్నాను. విశ్వాసం చెదరలేదు. కాని ప్రభువు బల్ల దగ్గర రొట్టె విరిచినప్పుడల్లా వాడు తీసుకోని ముక్క పళ్లెంలో మిగిలిపోయినట్టే నాకు కనపడుతుంది.

మరుసటి ఏడు బాప్తిస్మాలకు ముందు ఆదివారం మళ్లీ వరస నిలబడింది. పెదనాన్న మొదటి ప్రశ్న అడిగారు. రెండో ప్రశ్నకు నోరు తెరిచి, నాన్న వైపు చూసి, మూసేసుకున్నారు. వరస చివరిదాకా అంతే. బతికినంతకాలం ఆ ప్రశ్న ఆయన మళ్లీ అడగలేదు. ఆయన తర్వాత వచ్చిన పెద్దలకు అలాంటి ప్రశ్న ఒకటుండేదనే తెలియదు.

ఇప్పుడు సంఘానికి సిమెంటు తొట్టి ఉంది, మైకులున్నాయి, బాప్తిస్మాల వీడియో తీస్తారు. ఏమి వదిలావని ఎవరినీ అడగరు కాబట్టి ఎవరూ అబద్ధం చెప్పాల్సిన పని లేదు. కాలం మారి మంచి పని జరిగిందని కొత్తవాళ్లు అంటారు, నేనూ తల ఊపుతాను. అయితే తడి బట్టలతో పైకి వచ్చే ఆ పిల్లల్ని తువ్వాలుతో తుడుస్తూ, వీళ్లలో ఎవరైనా అందరి ముందు నిలబడి "లేదు" అనగలరా అని చూస్తుంటాను. అడిగేవాళ్లు లేరు కనుక, అది ఇక ఎవరికీ తెలియదు.